కిటికీ మాస్కు

“పనిచోట మీకు గౌరవం దొరుకుతోందా?”

“హా.”

“ఎప్పుడైనా ఎవరైనా అవమానించారా?”

“హా.”

“అంటే గౌరవం ఉన్నట్టా, లేనట్టా?”

“హా.”

మనోజ్ఞ పెన్ను ఆపింది. ఎదురుగా టీ గ్లాసు పట్టుకుని నిలబడ్డ కుర్రాడు బుద్ధిమంతుడిలా ఆమె కళ్లలోకి చూస్తున్నాడు. జుట్టు నిండా దారపు నూగు. మాస్కు గడ్డం కింద వేలాడుతోంది.

“మీ పేరు?”

“హా.”

టీ బండి చుట్టూ ఉన్నవాళ్లు గొల్లున నవ్వారు.

“పేరు హా అయితే ఇంటిపేరు హూ నా?” అంది మనోజ్ఞ. ముఖం సగం మాస్కులో ఉన్నా, కోపం మాత్రం కళ్లలోంచి పూర్తిగానే బయటకొచ్చింది. పుస్తకం మూసి విసవిసా రోడ్డు దాటి తన స్కూటీ దగ్గరకు వెళ్లిపోయింది.

కరోనా వచ్చిన మరుసటేడు జనవరి అది. లాక్‌డౌన్‌కి ఊళ్లకు పోయినవాళ్లు తిరిగొచ్చి, సూరత్ ఖటోదరాలో సాంచాలు, అంటే మరమగ్గాలు, మళ్లీ దడదడలాడుతున్న రోజులు. మనోజ్ఞ రైల్వేలో పనిచేసే ధర్మారావు కూతురు. పుట్టిందీ పెరిగిందీ సూరత్‌లోనే. చదువయ్యాక ఒక రీసెర్చ్ టీమ్‌లో చేరింది. మరమగ్గాల మీద బతికే తెలుగువాళ్లు తమను తాము ఎవరనుకుంటున్నారు, పనిచోట క్షేమంగా ఉన్నారా, ఉండే గల్లీలో భయం లేకుండా నిద్రపోతున్నారా అని అడిగి రాసుకోవడం ఆమె పని.

ఇలాంటివాళ్లను ఆ గల్లీ చాలామందిని చూసింది. ప్రశ్నలు పట్టుకొస్తారు, జవాబులు పట్టుకుపోతారు. ఆ జవాబులతో వాళ్లకు పట్టాలొస్తాయి, ప్రమోషన్లొస్తాయి. ఇక్కడ సాంచా మాత్రం నిన్న చేసిన చప్పుడే ఇవాళా చేస్తుంది. అందుకే సాంచాలు నడిచే ఆ షెడ్డులో, అక్కడివాళ్ల మాటలో ఖాతాలో, ఆమెను ఎవరూ లెక్కచెయ్యలేదు. ఈ పిల్ల వేరని అప్పటికి ఎవరికి తెలుసు?

మనోజ్ఞ స్కూటీకి ఆనుకుని, మాస్కు కిందికి లాగి నీళ్లు తాగింది. “మొహం చూస్తే అమాయకుడు. ఒళ్లంతా పొగరు,” అని పెదాల్లోనే గొణుక్కుంది. ఆ మాట ఆమె చెవులకే చేరలేదు.

“పొగరు కాదు మేడం!”

రోడ్డవతల నుంచి కేక. ఆమె చేతిలో సీసా అలాగే ఆగిపోయింది. మధ్యలో ఆటోలు, టెంపోలు, పక్కన ఖాతాల మోత.

ఈసారి కావాలనే గొంతు లేకుండా పెదాలు కదిపింది. “వినబడిందా?”

అతను రోడ్డు దాటి వచ్చాడు. “ఇనబడలే మేడం. కనబడ్డది.”

కుర్రాడి పేరు ఓంప్రకాష్. మీసాలు సరిగ్గా రాకముందే సిరిసిల్ల పక్క నుంచి వచ్చి సాంచా పట్టుకున్నాడు. ఖాతాలో గొంతుతో మాట్లాడేవాడు పిచ్చివాడు. అక్కడ అన్నీ పెదాల మాటలు, చేతి సైగలే. ఆ మోత ఏళ్ల తరబడి లోపలికి దిగి దిగి అతని చెవుల్లో కాపురం పెట్టింది. బయటికొచ్చినా ఇప్పుడు పెదాలు చూస్తేనే మాట. అంతలో కరోనా వచ్చి లోకం నోళ్లన్నీ మూసేసింది.

“మూతికి గుడ్డ కట్టుకున్న మనిషి నాకు మ్యూట్ పెట్టిన టీవీ మేడం. ఏమడిగినా హా అంట. హా అంటే ఎవ్వలు కొట్లాటకు రారు.”

“నేనొచ్చాగా!”

“మీరొక్కలే అచ్చిండ్రు.” నవ్వి, వెంటనే నవ్వు దాచేశాడు. “జర ఎవ్వలకు చెప్పకుండ్రి. పోయినేడు సోమలింగమన్నకు ఇనబడ్తలేదని తెల్సి సేఠ్ ఇంటికి పంపిండు. చెవిటోనితోని రిస్క్ అన్నడు. నన్ను గిట్ల పంపితే నాకు వేరే పని రాదు.”

“ఎవరికీ చెప్పను. రిపోర్టులో ఎవరి పేరూ ఉండదు. ప్రామిస్.”

“హా.”

“ఇది తెలిసే అన్నారా?”

“గీ ఒక్కటి తెల్సే అన్న.”

*

సూరత్‌లో ఇంట్లో చక్కెర లేకపోవచ్చు గానీ చీరల ప్లాస్టిక్ కవర్లు లేకపోవడం ఉండదు. మనోజ్ఞ ఒక కవరు కత్తిరించి తల్లి పార్వతి ముందు పెట్టింది.

“మాస్కుకు మధ్యలో కిటికీ కుట్టాలమ్మా. మూతి కనబడాలి.”

“ఎవరికి కనబడాలే?”

“రీసెర్చ్‌కి.”

“ఆ రీసెర్చ్‌కి పేరుందా?”

“కాన్ఫిడెన్షియల్!”

పార్వతి కుట్టుమిషను చక్రం తిప్పుతూ కూతుర్ని ఓరగా చూసింది. పేపరు వెనక నుంచి ధర్మారావు తల ఎత్తాడు. “ఏవిటే ఆ సర్కస్? అది పెట్టుకుని రోడ్డెక్కావంటే రైల్వే కాలనీలో నా పరువు గూడ్సు బండెక్కి పోతుంది.”

మర్నాడు టీ బండి దగ్గర మనోజ్ఞ ఆ మాస్కుతో నిలబడింది. ఓంప్రకాష్ ఆమెను చూశాడు. ముందు పెదాలు చూశాడు. తర్వాత వాటి పక్కన చిన్న సొట్ట చూశాడు. తర్వాత ఏం చూడాలో తెలియక ఫక్కున నవ్వేశాడు.

“నవ్వుతారేంటి?”

“గడ్డం మీద ‘న్యూ డిజైన్’ అని రాసున్నది మేడం.”

చీర కవరు మీది స్టిక్కరు! తల్లీకూతుళ్లిద్దరూ ఊడదీయడం మరిచిపోయారు. ఆ రోజు నుంచి ఖాతాలో ఆమె పేరు న్యూ డిజైన్.

ఆ కిటికీతో ఇంకో తిప్పలుంది. నాలుగు మాటలు మాట్లాడేసరికి ఊపిరికి ప్లాస్టిక్ మసకబారి పెదాలు మాయమయ్యేవి. అతను గాలిలో వేలితో తుడిచినట్టు సైగ చేసేవాడు. ఆమె అటు తిరిగి తుడుచుకుని ఇటు తిరిగేది. తుడిచిన ప్రతిసారీ మబ్బు విడిచినట్టు ఉండేది అతనికి.

“మిమ్మల్ని మీరు ఎవరనుకుంటారు?” అని అడిగింది ఒకరోజు.

“ఈడ ఆంధ్రావాలా అంటరు. మా ఊరికి పోతే సూరతోడు అచ్చిండంటరు. రూం కిరాయికి పోతే బాహర్ కా ఆద్మీ. మీరేమనుకుంటే గదే రాసుకోండ్రి.”

“నేనేమనుకుంటున్నానో రాయడానికి ఇందులో జాగా లేదు.”

“అంటే ఏమో అనుకుంటున్నరన్నట్టేగా?”

మనోజ్ఞ పుస్తకంలో పేజీ తిప్పేసింది. ప్లాస్టిక్ మాత్రం మళ్లీ మసకబారింది.

ఖాతాలో అందరికంటే పెద్దవాడు బుచ్చిరాములు దూరం నుంచి గొంతు పెంచాడు. “ఏందిరా ఓం, మమ్ముల నలుగురిని అడిగేది నిన్నొక్కన్నే అడుగుతున్నది?”

“నా జవాబులు పొడుగున్నయి కాకా!”

ఏప్రిల్‌లో రోగం రెండోసారి విరుచుకుపడింది. సాంచాలు సగం ఆగాయి. రీసెర్చ్ టీములన్నీ ఇళ్లలో తలుపులేసుకున్నాయి. తప్పుపట్టలేం, ప్రాణం ఎవరికైనా ప్రాణమే. కానీ ఈ పిల్ల ఇంట్లో కూర్చునే గల్లీలో ఒక్కొక్కరికీ టీకా బుక్ చేసింది. జ్వరం వచ్చినవాళ్లకు డాక్టరును ఫోన్‌లో కూర్చోబెట్టింది. ఓంప్రకాష్‌కు మామూలు ఫోన్ పనికిరాదు కాబట్టి రోజూ వీడియో కాల్. మాస్కు లేకుండా ఆమె ముఖం తీరిగ్గా చూడటం అదే మొదలు. అడిగి వెళ్లినవాళ్లలో మళ్లీ వెనక్కి తిరిగి చూసినది ఆ గల్లీకి తెలిసి ఈమె ఒక్కతే. ఉన్నమాట చెప్పుకోవాలి.

*

తొలకరి పడ్డాక ఇద్దరూ డుమస్ బీచ్‌కి వెళ్లారు. నల్లటి ఇసుక, సన్నటి తుంపర, కాగితంలో వేడి వేడి టమాటా భజియా. మాటలు ‘మీరు’ నుంచి ‘నువ్వు’లోకి ఎప్పుడు జారాయో ఇద్దరికీ గుర్తులేదు.

“రిపోర్ట్ ఇచ్చేశాను,” అంది మనోజ్ఞ. “మా మేడమ్ ఒక ట్రస్టుతో మాట్లాడారు. సోమవారం మీ గల్లీ మొదట్లో చెవుల క్యాంపు. టెస్ట్ ఫ్రీ, మెషిన్ కూడా ఇస్తారు. నువ్వు ముందు రా. నిన్ను చూసి మిగతావాళ్లు వస్తారు.”

భజియా అతని చేతిలో ఆగింది. “గల్లీ మొదట్ల అంటే సేఠ్ ఆఫీసు ముంగటనే.”

“అయితే?”

“అయితే ఏంది? నేను పోయి కూసుంటే నాకు చెవుడని బోర్డు పెట్టుకున్నట్టే. ఖాతాల నాదొక్కనిదే గిట్లున్నది. సాయంత్రానికి నా సాంచా ఇంకొకనికి ఇస్తడు.”

“నీ ఒక్కడిదే అని ఎలా తెలుసు? అడిగితే అందరూ ‘చెవులు బాగున్నయి’ అనే చెప్పారు. నువ్వూ మొదట హా అంటూ దాచావుగా?”

“నువ్వు మోతను రాసుకున్నవు. నేను అండ్ల బతుకుతున్న.” అతను సముద్రం వైపు తిరిగాడు. మళ్లీ ఆమె వైపు తిరిగాడు, జవాబు చూడాలంటే తిరగాలి కదా. “ఒక్కటి చెప్పు మనోజ్ఞా. నేను నీ రీసెర్చ్‌కు కావాల్నా, నీకు కావాల్నా?”

ప్లాస్టిక్ కిటికీ వెనక ఆమె పెదాలు కదలలేదు. కదలని పెదాలను చదవడం సాంచా నడిపే ఏ కారీగర్‌కూ రాదు. దారి పొడుగునా స్కూటీ మీద ఇద్దరి మధ్య ఒక సంచి పెట్టుకుని తిరిగొచ్చారు.

*

సోమవారం పొద్దుటి నుంచీ వాన. గల్లీ మొదట్లో టార్పాలిన్ కింద డాక్టరమ్మ, మెషిన్లు, ఖాళీ కుర్చీలు. ఒక్కరూ రాలేదు. దారిన పోయే కారీగర్లు తల దించుకుని తడుస్తూ పోతున్నారు. అటు చూస్తే సేఠ్ కిటికీలోంచి చూస్తాడని భయం.

మధ్యాహ్నానికి డాక్టరమ్మ గడియారం చూసుకుంది. “సర్దేద్దామా?”

“ఐదు నిమిషాలు మేడమ్,” అని మనోజ్ఞ గొడుగు కూడా తీసుకోకుండా వానలోకి నడిచింది.

ఖాతా తలుపు దగ్గర నిలబడింది. లోపల సాంచాలు పూనకం వచ్చినట్టు ఊగుతున్నాయి. చివరి వరసలో ఓంప్రకాష్. ఆమె చెయ్యి పైకెత్తింది. అతను చూశాడు.

ఆమె మసకబారిన కిటికీని తుడుచుకుంది. గొంతు కొంచెం కూడా లేపలేదు. ఇంత మోతలో ఈ మాట తనకూ అతనికీ తప్ప దేవుడికి కూడా చేరదని ధైర్యం. నిదానంగా, ఒక్కో మాటా విడివిడిగా, పెదాలు కదిపింది.

“రీసెర్చ్ అయిపోయింది. రిపోర్ట్ ఇచ్చేశాను. దానికి నువ్వు అక్కర్లేదు. నాకు కావాలి. వినబడినా, వినబడకపోయినా, ఈ పని ఉన్నా, పోయినా, నువ్వే కావాలి.”

ఓంప్రకాష్ కొయ్యబారిపోయాడు. అతని సాంచా మీద దారం తెగింది. అతను చూడలేదు.

పక్క సాంచా ఆగింది. దాని పక్కది ఆగింది. ఒకటొకటిగా వరసలన్నీ ఆగి, ఎన్నడూ లేని నిశ్శబ్దం వచ్చి ఖాతా మధ్యలో కూర్చుంది. రేకుల మీద వాన చప్పుడు మాత్రం మిగిలింది.

“ఏందిరా గట్ల నిలవడ్డవు?” బుచ్చిరాములు కసిరాడు. “పిల్ల అంత పెద్ద మాట చెప్పింది. జవాబియ్యవా?”

మనోజ్ఞకు చెవుల దాకా ఎర్రబడింది. “మీకు... వినబడిందా?”

“ఇనబడలే బిడ్డా. కనబడ్డది. అందరికి!”

అవతల నుంచి ఇంకెవరో, “నాకు ‘రిపోర్ట్’ కాడ జర మసకయింది. మిగిలింది సాఫ్,” అన్నాడు. ఈలలు, చప్పట్లు. తెలుగు రాని ఒడియావాళ్లు కూడా సంగతి పట్టేసి చప్పట్లు కొట్టారు. మనోజ్ఞ రెండు చేతులతో కిటికీని మూసుకుంది.

నవ్వులు తగ్గాక బుచ్చిరాములు గడ్డం కింది మాస్కు పూర్తిగా తీసేశాడు. “ఈ సాంచాల మధ్యల పెదవులు చదివేది అందరికి ఎరుకే. ఎరుక లేనిది ఒక్కటే. బయట సుత నాకు గంతే బిడ్డా. నా పెండ్లాం బాలవ్వ గుసగుస ఇని ఎన్నేండ్లయిందో. తిట్టినా నవ్వుకుంట కూసుంట. సేఠ్‌కు తెలుస్తదని ఎవ్వనికి చెప్పలే.”

“నాకూ గంతే కాకా,” అన్నాడొకడు తల దించుకుని.

“నాకూ...”

ఓంప్రకాష్ ఒక్కొక్క ముఖమూ చూశాడు. ఇన్నాళ్లూ తన ఒక్కడి గుట్టు అనుకున్నది అన్ని ముఖాల మీదా ఉంది.

తలుపు దగ్గర సేఠ్ ప్రత్యక్షమయ్యాడు. “కామ్ క్యోం బంద్ హై?”

“కాన్ దిఖానే జా రహే హై సేఠ్,” అన్నాడు బుచ్చిరాములు తన చెవి చూపిస్తూ. “సబ్ కే సబ్.”

సేఠ్ ఆగిన సాంచాల వరసలు చూశాడు. ఒక్కడైతే పంపేసేవాడే. ఇందరిని పంపితే రేపు సాంచా ముందు తనే నిలబడాలి. అతనికి దయ పుట్టిందని ఎవరూ అనుకోవద్దు. లెక్క అర్థమైంది, అంతే. “జల్దీ ఆనా,” అని గొణిగి పక్కకు తప్పుకున్నాడు.

అందరూ వానలో క్యాంపుకు నడిచారు. ముందు బుచ్చిరాములు. చివర ఓంప్రకాష్, అతని పక్కన తడిసిన న్యూ డిజైన్.

“నువ్వింకా జవాబు చెప్పలేదు,” అంది.

“హా.”

“అదేనా జవాబు?”

“హా,” అన్నాడు మళ్లీ. ఈసారి ఆమె కోప్పడలేదు.

*

వానలు తగ్గాక, ఒక ఆదివారం రైల్వే కాలనీలో ధర్మారావు తలుపు తీశాడు. ఎదురుగా ఇస్త్రీ చొక్కాలో ఓంప్రకాష్. ధర్మారావు ముఖానికి కిటికీ మాస్కు! గడ్డం మీద ‘ఫిక్స్‌డ్ రేట్’ అని స్టిక్కరు.

పెద్దాయన నోరు వీలైనంత సాగదీసి, చిన్నపిల్లాడికి అక్షరాలు దిద్దించినట్టు అన్నాడు. “లో... ప... లి... కి... రా... బా... బూ!”

“సార్, మెషిన్ పెట్టుకున్న. ఇనబడుతది,” అన్నాడు ఓంప్రకాష్ చెవి చూపిస్తూ.

ధర్మారావు వెనక్కి తిరిగాడు. “ఏవే పార్వతీ! మరి ఈ సర్కస్ నాకెందుకు తగిలించారే?”

వంటింట్లో తల్లీకూతుళ్ల నవ్వు. అది ఓంప్రకాష్‌కు గోడ అవతల నుంచి, పెదాలు కనబడకుండానే వినబడింది.

ధర్మారావు మాస్కు ఊడదీయబోయాడు. ఓంప్రకాష్ చెయ్యి అడ్డం పెట్టాడు.

“ఉండనీయండ్రి సార్. మీరు నవ్వేది కనబడుతున్నది.”