అడ్డంగా ఊపిన తల

"ఇదిగో, ఇంకోసారి ప్రేమ సీన్లో మాంసం పులుసు సంగతెత్తావంటే చంపేస్తాను!"

ఎతెల్కా ఉడికిపోతోంది. ఉడకదూ మరి! జులై నెల. బుడాపెస్ట్‌లో అద్దాల కప్పున్న స్టూడియో. మొదటి ప్రపంచ యుద్ధ కాలం; యుద్ధమూ రష్యాతోనే, తీసే సినిమా కూడా వాళ్ల నవలే. ఒంటి మీద బరువైన బొచ్చు కోటు. మంచు అని చెప్పి పైనుంచి బాతు ఈకలు పోస్తుంటే, అవి చెమటకి అంటుకుని రష్యా జమీందారు గారి అమ్మాయి వేషం కాస్తా సగం పీకిన కోడిలా తయారైంది.

"మూకీ సినిమాయేగా! ఏం మాట్లాడితే ఎవరికి తెలుస్తుంది?" అన్నాడు హీరో బాలింట్, మీసం మీది ఈక ఊదుకుంటూ.

"మీ పిన్నికి తెలుస్తుంది!"

నిజమే. బాలింట్‌ని పెంచిన విల్మా పిన్నికి చెవులు బొత్తిగా వినపడవు, పెదాలు చూసి మాట పట్టేస్తుంది. పోయిన సినిమాకి ముందు వరసలో కూర్చుని, "ముద్దు పెట్టుకుంటూ ఊరగాయ గొడవేంట్రా, సన్నాసీ!" అని హాలంతా వినేలా తిట్టింది.

అసలు ఎతెల్కా కోపం పులుసు మీద కాదు. వియన్నా కంపెనీ పిలిచింది, రేపే రైలు. మూడు సినిమాలుగా ఈ మనిషి వేళాకోళాలే తప్ప మనసులో మాట చెప్పి చావలేదు. ఒక్క మాట చెబితే ఆగిపోదామని ఆమెకుంది.

"మబ్బొస్తోంది! ఎండ పోతే సీన్ పోయినట్టే!" డైరెక్టర్ ఆర్పాద్ గారు బాకాలో అరిచారు. "బాలింట్, మోకాళ్ల మీద బతిమాలు. అమ్మాయ్, నువ్వు కాదని తల ఊపి తలుపేసెయ్. మిగిలింది ఇదే ఆఖరి ఫిల్ము చుట్ట!"

కెమెరా తిరిగింది. ఇక మొదలెడతాడు పులుసు, అనుకుంది ఎతెల్కా.

"వెళ్లొద్దు," అన్నాడు బాలింట్. "నన్ను పెళ్లి చేసుకో, ఎతెల్కా. వేళాకోళం కాదు."

"ఇప్పుడా చెప్పడం? ఇన్నాళ్లూ ఏం చేశావ్?" ఆమెకి ఏడుపు తన్నుకొచ్చింది.

"కెమెరా లేకుండా ఉత్తప్పుడు భయమేసేది."

"తల ఊపవమ్మా, మబ్బు!" బాకాలో ఆర్పాద్ గారి కేక.

ఔనని ఊపితే సీన్ పాడు. కాదంటే బతుకు పాడు. కన్నీళ్లు ధారగా కారుతుండగా ఎతెల్కా తల అడ్డంగా ఊపుతూనే, "చేసుకుంటాను, దరిద్రుడా, చేసుకుంటాను!" అని తలుపు దభాలున వేసేసింది.

ఎతెల్కా వియన్నా రైలు వదిలేసుకుంది. పిన్నికి చెప్పమంటే మాత్రం రేపు, ఎల్లుండి అంటూ ఈ మహానుభావుడు సినిమా విడుదలయ్యేదాకా లాగాడు.

ఆ సీన్ వచ్చేసరికి హాలంతా వెక్కి వెక్కి ఏడ్చింది. ముందు వరసలో విల్మా పిన్ని ఒక్కతే లేచి చప్పట్లు కొట్టింది.

"పిల్ల ఒప్పుకుంటే ఏడుస్తారేంటయ్యా!" అని, వెనక్కి తిరిగి ఎతెల్కా చెయ్యి పట్టుకుంది. "వీడు చెప్పేదాకా ఆగితే నీ తల నెరుస్తుందే. రేపే చర్చికి వెళ్లి ముహూర్తం అడుగుదామా?"

బాలింట్ ఏదో గొణగబోయాడు. "నువ్వు నోరుముయ్యి," అంది ఎతెల్కా. పిన్ని వైపు తిరిగి, ఈసారి తల నిలువుగా ఊపింది.