ప్రొఫెసర్ డిల్‌మాన్‌ని బలిచ్చిన మధ్యాహ్నం

"మనకు కావలసింది డిల్‌మాన్ తల," అన్నాడు కాల్‌హోఫ్, వెనిగర్‌లో నానిన జున్ను ముక్కను ఉల్లిపాయలతో సహా నోట్లో పెట్టుకుంటూ.

1984 మార్చి. మైన్జ్ స్టేషన్ రెస్టారెంట్. ఆ జున్ను కంపుకి పక్క టేబుల్ వాళ్ళు లేచి వెళ్ళిపోయారు. పశ్చిమ జర్మనీ గూఢచారి శాఖలో సెక్షన్ చీఫ్ అయిన కాల్‌హోఫ్‌కి ఇలాంటి కంపులు పట్టవు. ఎదురుగా కూర్చున్న ఏజెంట్ హెన్నింగ్ రాబె మాత్రం కుర్చీని వెనక్కి జరుపుకున్నాడు. జున్ను వల్లేనని సరిపెట్టుకున్నాడు.

బ్రీఫింగ్ మూడు నిమిషాల్లో ముగిసింది. డిల్‌మాన్ పనిచేసే పరిశోధన సంస్థలో రెండు నెలల కిందట చేరిన వియన్నా సుందరి కోన్‌స్టాన్జె వైరాఖ్ తూర్పు బెర్లిన్ గూఢచారి ముఠా మనిషి. లోపల్లోపల కాల్‌హోఫ్ మనిషి కూడా. ముఠాకి ఆమె మీద అనుమానం మొదలైంది. అది పోవాలంటే ఆమె అసలైన సరుకు ఒకటి అందించాలి. జలాంతర్గాములకు తొడిగే రబ్బరు మీద ప్రొఫెసర్ తీసిన కొలతల్ని ఆమె ఒక క్యాసెట్‌లోకి ఎక్కించింది. ఆ రబ్బరు నౌకాదళానికి ఎప్పుడో పాతబడిపోయింది. అయినా అది అసలైన రహస్యమని ముఠా నమ్మాలంటే ఇక్కడ ఎవరో ఒకరు దేశద్రోహిగా అరెస్టు కావాలి.

"ఆయన ఏ తప్పూ చెయ్యలేదు, చీఫ్."

"తప్పు చేసినవాడైతే లాయర్ని సిద్ధంగా పెట్టుకుంటాడు. ఈయనకి లాయర్ ఫోన్ నంబర్ కూడా తెలీదు. అందుకే ఈయనైతే బాగుంటాడు."

క్యాసెట్ వెళ్ళేది టోపీ అట్టల మధ్య, ఇనప క్లిప్పులతో బిగించి. ఆ సంస్థలో ఎవరికి డాక్టరేట్ వచ్చినా తోటివాళ్ళు అట్టతో టోపీ చేసి, దాని నిండా వాడి జీవితం మీద వెటకారాలు అతికించి, నెత్తిన పెట్టి, తోపుడు బండి మీద ఊరేగిస్తారు. ఇవాళ్టి డాక్టర్ బుర్క్‌హార్ట్ జేతె. వాళ్ళమ్మ ఉండేది తూర్పు జర్మనీలోని ఎర్‌ఫుర్ట్‌లో. ఆమెకు చూపించాలని, లోపల ఏముందో తెలియకుండానే, టోపీతోనే నాలుగూ ఇరవై రైలెక్కుతాడు. సరిహద్దు పోలీసులు ఆ టోపీని చూసి నవ్వుతారే గానీ చింపి చూడరు. దాన్ని ఎవరూ ముట్టుకోకుండా కాపలా కాయడమే రాబె డ్యూటీ.

రాబె రెండేళ్ళుగా అక్కడ కుంటి టెక్నీషియన్ వేషంలో ఉన్నాడు. ల్యాబ్‌లోని పెద్ద అయస్కాంతం చల్లగా ఉండటానికి ద్రవ హీలియం, ద్రవ నైట్రోజన్ పోసేది అతనే. ప్రొఫెసర్ ఎకార్ట్ డిల్‌మాన్ అతనికి ఏనాడూ గుడ్ మార్నింగ్ చెప్పలేదు. టైర్ల ఫ్యాక్టరీ కూలీ కొడుకైన ఆ మనిషి, గట్టి ప్లాస్టిక్ లోపల పొడవాటి అణువుల గొలుసులు ఎలా మెలికలు తిరుగుతాయో అయస్కాంతంతో కనిపెట్టడానికి ఇరవై ఆరేళ్ళు ధారపోశాడు. మొదట్లో నవ్వినవాళ్ళే ఇప్పుడు ఆయన గుమ్మం ముందు వరస కడుతున్నారు. డైరెక్టర్ పదవి ఆయనకి వస్తుందో లేదో శుక్రవారం తేలుతుంది. ఆయన్ని ఇష్టపడటం కష్టం. కానీ ఇలా గొంతు కోయడం ఏం పని? ఛీ, కంచే చేను మేస్తుంటే కాపలావాడు చేసేదేముంది అనుకుంటూ రాబె ల్యాబ్‌కి తిరిగొచ్చాడు.

మూడున్నర. వరండాలో అందరూ వైన్ గ్లాసులతో నిలబడ్డారు. ఆకుపచ్చ సిల్కు స్కార్ఫులో కోన్‌స్టాన్జె నవ్వులు చిందిస్తోంది. జేతె నెత్తిన టోపీ ఉంది. ఆమె తొందరపెట్టి వాణ్ణి బండి ఎక్కించబోతోంది.

కొత్త డాక్టరు అయస్కాంతాన్ని కావలించుకుని ఫోటో దిగందే ఆ ల్యాబ్‌లో ఎవరూ గడప దాటరు. ఆ ఆనవాయితీ ఆమెకు తెలియదు. రాబె కుంటుకుంటూ వెళ్ళి, ఫోటో మర్చిపోయావా అని జేతెకి గుర్తుచేశాడు. కుర్రాళ్ళంతా గోల చేస్తూ గడియారాలు, తాళాలు తీసి బల్ల మీద పడేశారు. లోపలున్నది ఇనుముని లాగేసే, క్యాసెట్లని తుడిచేసే అయస్కాంతం మరి.

కోన్‌స్టాన్జె అతని పక్కకి వచ్చి గొంతు తగ్గించింది. "కుంటి నాటకం చాలు. మీ చీఫ్‌కి చెప్పమంటారా?"

"చెప్పండి. టోపీలో ఏముందో ముందు వీళ్ళకి చెప్పి, ఆ తర్వాత."

ఆమె మొహం పాలిపోయింది.

జేతె చేతులు చాచి అయస్కాంతాన్ని వాటేసుకున్నాడు. అంతే, టోపీ నెత్తి మీద నుంచి ఎగిరి టపీమని దానికి అతుక్కుంది. అందరూ పగలబడి నవ్వారు. రాబె దాన్ని ఊడదీయడానికి నానా తంటాలు పడుతున్నట్టు నటిస్తూ, అయస్కాంతం చుట్టూ రెండుసార్లు తిప్పి మరీ ఊడదీశాడు. రైలు వేళకే కదిలింది.

పదో రోజున కాల్‌హోఫ్ ఫోన్ చేశాడు. ముఠాకి చేరిన క్యాసెట్‌లో గుయ్‌మన్న శబ్దం తప్ప ఏమీ లేదట. పారిపోయిన కోన్‌స్టాన్జె కోసం రెండు దేశాలూ వెతుకుతున్నాయట. రహస్యమే బయటికి పోలేదు గనక డిల్‌మాన్ అరెస్టు వారంట్ చింపేశారు. "ఎవరు చేశారంటారు?" అని కాల్‌హోఫ్ అడిగితే, తనకు హీలియం పోయడం తప్ప ఏమీ తెలీదన్నాడు రాబె.

ఫోన్ పెట్టగానే కొత్త డైరెక్టర్ గారి పిలుపు వచ్చింది. డిల్‌మాన్ తలెత్తి చూడలేదు.

"ఇనుము ఉన్న టోపీని నా అయస్కాంతం దాకా రానిచ్చింది మీరేనట. దాన్ని మళ్ళీ దారికి తెచ్చేసరికి నాకు మూడు రోజులు పట్టింది. మూడు రోజులు, హెర్ రాబె."

ఆయన ఒక కాగితం ముందుకు తోశాడు. ఉద్యోగం నుంచి తొలగింపు. డైరెక్టర్‌గా ఆయన పెట్టిన మొదటి సంతకం.

రాబె ఆ కాగితాన్ని రెండుసార్లు చదువుకుని జాగ్రత్తగా మడిచి జేబులో పెట్టుకున్నాడు. ఈ దిక్కుమాలిన వ్యవహారం మొత్తంలో, నిజంగా చేసినవాడి మీదే పడ్డ నేరం ఇదొక్కటే.