వాయిదా రోజు జడ

ఎప్పటిలాగే ఆ ఉదయం కూడా టైపిస్టు క్యారేజీ సర్దుకుంది, గొడుగు వెతుక్కుంది, చెప్పు తెగిందని విసుక్కుంది. తేడా ఒక్కటే. రోజూ అందరి గొడవలూ టైపు కొట్టే కోర్టులో ఇవాళ తన గొడవకే వాయిదా.

తండ్రి పోయిన రోజున "ఆస్పత్రికి ఆలస్యంగా తీసుకెళ్లి చంపేశావు" అని నలుగురిలో తమ్ముడి మీద విరుచుకుపడింది. బస్సు డ్రైవరు తమ్ముడు గారికీ రోషం తక్కువేం కాదు, "నా గడప తొక్కకు" అనేశాడు. కాళ్లు పడిపోయి, చెవులు మందగించిన అమ్మ అతని దగ్గరే ఉంది. వెళ్లి "తప్పయిందిరా" అంటే సరిపోయేది. ఆ ఒక్క మాట నోట్లోంచి ఊడిపడదే! అమ్మని చూడనివ్వాలంటూ పిటిషన్ వేసింది. ఐదు వాయిదాలు పడ్డాయి. ఇవాళ్టి ఆరోదానికి ఇంకా పదిరోజులుందనగా అమ్మ నిద్రలోనే పోయింది. చివరిచూపుకి వెళ్లినప్పుడు అమ్మ వంకర పాపిడి చూసి, తల దువ్వే దిక్కు కూడా లేకపోయిందని పళ్లు కొరికింది.

"ఎవరిని చూడాలన్నారో ఆవిడే లేరు కదా. ఇక తేల్చాల్సిందేమీ లేదు, మూసేస్తున్నాం" అన్నారు జడ్జిగారు. రెండు నిమిషాలు పట్టలేదు. అలాంటి వాక్యాలు తను ఎన్ని కొట్టిందో. అక్షరం పొల్లు పోకుండా చూసుకుందే కానీ, ఎవరి కొంప మునిగిందో ఏనాడూ ఆలోచించలేదు.

వరండాలో తమ్ముడు ఎదురుపడ్డాడు.

"ఒక్కసారి తలుపు తీస్తే నీ సొమ్మేం పోయేదిరా?"

"ఒక్కసారి తలుపు కొడితే నీ సొమ్మేం పోయేదక్కా? నోటీసొచ్చి కొట్టింది కానీ నువ్వు రాలేదు. ఫోన్ చేద్దామనే అనుకున్నా. అమ్మని నిర్బంధించానని రాశావు చూడు, ఆ మాట అడ్డొచ్చింది."

ఆ మాట ఆమె స్వయంగా టైపు కొట్టిందే.

"అమ్మకి వాయిదా అంటే తెలీదు" అన్నాడతను గొంతు తగ్గించి. "నువ్వొచ్చే రోజనుకుంది. 'అక్కకి వాయిదా ఎప్పుడురా?' అని ఒకటే అడగడం. ఆ రోజు పొద్దున్నే నాచేత జడ వేయించుకుని, గుమ్మంలో కుర్చీ వేయించుకునేది. సాయంత్రం వాయిదా పడిందంటే, 'పోన్లే, ఇంకోటి ఉందిగా' అనేది."

టైపిస్టు గోడకి ఆనుకుంది.

"పోయే ముందురోజు కూడా వేయించుకుంది. ఇంకా పది రోజులుందమ్మా అంటే, 'ఈసారి పాపిడి వంకర పోకూడదు, అలవాటు చేసుకో' అంది. స్టీరింగు పట్టే చేతులక్కా, నాకు కుదర్లేదు."

ఆమె గొడుగు కిందపడేసి ఆ చేతులు రెండూ పట్టుకుంది. ఇన్నాళ్లూ రాని మాట ఏడుపులో కలిసి వచ్చింది.

"తప్పయిందిరా. బాగానే తీశావు పాపిడి. నేను చూశానుగా, బాగానే ఉంది."