తెర పక్కన తిరుమల్

"ఆపండి! ఆమె అంత ఏడుస్తా ఉంటే మీరు అందరినీ నవ్విస్తారేంది?"

గల్ఫ్‌లో, ముఐథర్ అనే పేటలో తెలుగువాళ్ళు శుక్రవారం మధ్యాహ్నాలు కలుసుకునే విల్లా హాలు అది. తెర పక్కన నిలబడ్డ తిరుమల్ నోరు ఠక్కున మూతపడింది. అరిచిన అమ్మాయి పేరు సుభాషిణి. కడప పిల్ల. అల్ హిలాల్‌లో అక్కాబావల దగ్గర ఉంటూ జర్మన్ సినిమా, టీవీల చరిత్ర మీద పరిశోధన చేస్తోంది. తెర మీద ఆడుతున్న జర్మన్ మూకీ ఆమె తెచ్చిందే.

"డ్యూటీ దిగి వచ్చినోళ్లను ఏడిపిచ్చుడెందుకు మేడమ్? ఆమె ఉల్లిగడ్డ కోస్తున్నదని చెప్పిన. తప్పా?"

తిరుమల్‌ది జగిత్యాల దగ్గర పల్లె. లుసైల్‌లో స్టేడియం పని. ఏ భాష సినిమాకైనా తోచిన తెలుగు మాటలు తగిలించడం అతని సరదా.

"ఆమె చేతిలో ఉండేది రుమాలు!"

"ఉల్లిగడ్డ కోస్తే రుమాలు పట్టుకోరా?"

హాలంతా గొల్లుమంది. సుభాషిణి నవ్వాపుకోలేక పెదవి కొరుక్కుంది. అది తిరుమల్ కంట పడింది. అంతే, కుర్రాడి పని అయిపోయింది.

"మూకీల కాలంలో జర్మనీలో కూడా మీలాగే ఒకాయన తెర పక్కన నిలబడి కథ చెప్పేవాడు. నేను రాస్తా ఉండేది వాళ్ళ గురించే," అంది ఆమె, టీ తాగేటప్పుడు.

"అయితే మా ముత్తాతలు జర్మనీల ఉన్నరన్నట్టు!"

ఆ తర్వాత ప్రతి శుక్రవారం ఆమె ఓ సినిమా తెచ్చేది. అతను చెప్పేవాడు, ఆమె పోట్లాడేది. ఇద్దరికీ వారమంతా ఆ పోట్లాట మీదే ధ్యాస.

ఓ రోజు ఆమె మెల్లగా చెప్పింది. "బెర్లిన్‌లో పాత ఫిల్ములు చూసి రాసుకునే అవకాశం వచ్చింది. ఏడాది పని. వచ్చే ఆదివారం ఫ్లైట్."

తిరుమల్ గుండె జారిపోయింది. నోరు మాత్రం, "మంచిదే గద మేడమ్," అంది.

"అంతేనా?"

"అక్కడ చలి ఎక్కువంట. స్వెట్టర్ కొనుక్కోర్రి."

ఆమె చరచరా వెళ్ళిపోయింది. తిరుమల్ వారమంతా తనను తాను తిట్టుకున్నాడు. ఇక మిగిలింది ఒక్క శుక్రవారమే.

ఆ శుక్రవారం తెర మీద రైల్వే స్టేషన్. రైలు కిటికీలో హీరోయిన్, కింద టోపీ చేత్తో పట్టుకుని హీరో.

"ఏందిరా, చెప్పు!" అని వెనక నుంచి కేకలు.

తిరుమల్ తెర వైపు చూడలేదు. సుభాషిణి వైపు చూశాడు.

"ఆయన అంటున్నడు... పోవద్దని నేను చెప్ప. చదువుకో. కానీ నువ్వు లేని శుక్రవారం నాకు పండుగ కాదు. నువ్వంటే నాకు పానం. తిరిగొస్తనంటే మీ అక్కాబావలతోని మాట్లాడ్త."

"జర్మనీ పిల్లకు అక్కాబావలు యాడ నుంచి వచ్చినారప్పా?" అన్నాడు ముందు వరసలో ఉన్న ఆమె బావ రామాంజులు. హాలు నవ్వింది. తిరుమల్ నవ్వలేదు.

సుభాషిణి లేచి వచ్చి తెరకు రెండో పక్కన నిలబడింది. ముఖం ఎర్రబడింది.

"ఆమె అంటోంది... ఈ మాట స్వెట్టర్ కొనుక్కోమన్న రోజే చెప్పుంటే ఏం పోయేది? వచ్చే ఏడాది నీ స్టేడియంలో వరల్డ్ కప్ మొదలయ్యే లోపల వచ్చేస్తా."

తెర మీద రైలు కదిలి పోయింది.

"పాయె కదమ్మా రైలు!" అన్నాడు రామాంజులు.

"పోయింది ఆమె, బావా. నేను రిటర్న్ టికెట్ తీసుకున్నా."

ఈలలతో హాలు దద్దరిల్లింది. రామాంజులు ఇద్దరినీ మార్చి మార్చి చూసి గొంతు సవరించుకున్నాడు.

"తిరుమలూ! ఆదివారం ఎయిర్‌పోర్టుకొచ్చేటప్పుడు ఆ స్వెట్టరేదో నువ్వే తీసుకోని రా."