సముద్రం పక్కన నడిచినవాడు

నవంబరు రెండో తేదీ, సమాధుల పండుగ. సాయంత్రమయ్యేసరికి ఊరగాం బంగారు గని కూలీల లైన్లలో ప్రతి గడప ముందూ నలిగిన బంతిపూల రెక్కలు, కరిగి గట్టిపడిన మైనం మరకలు కనిపిస్తున్నాయి. సెబాస్టియన్ పొద్దున్నే పోయి తండ్రి రాయప్ప సమాధి మీద గడ్డి పీకి, సున్నం కొట్టి, పూలు పరిచి, కొవ్వొత్తులు వెలిగించి వచ్చాడు. గనులు మూసేసిన తర్వాత మూడేళ్ళే బతికాడు రాయప్ప. ఆయన పోయినప్పటినుంచి ఒక్క ఏడాది కూడా తప్పకుండా ఈ పని సెబాస్టియనే చేస్తున్నాడు. తమ్ముడు డెన్నిస్ చెయ్యడు. చెయ్యడానికి ఊళ్ళో ఉంటే కదా! ఆయనగారు ఐర్లండులో, పెద్దాసుపత్రిలో నర్సు.

ఈ మాట సెబాస్టియన్ ఎప్పుడూ పైకి అనడు. అనకపోవడమే తన పెద్దరికం అనుకుంటాడు. లోపల మాత్రం దాన్ని రోజూ బయటికి తీసి, తుడిచి, మళ్ళీ భద్రంగా దాచుకుంటాడు. తెల్లవారకముందే లేచి బెంగళూరు రైల్లో నిలబడి పోయేటప్పుడు ఒకసారి, ఫ్యాక్టరీ గేటు దగ్గర కాపలా కూర్చున్నప్పుడు ఒకసారి, చీకటి పడ్డాక మళ్ళీ రైల్లో నిలబడి వచ్చేటప్పుడు ఇంకోసారి.

సమాధి దగ్గర ఏం చెప్పుకున్నా ఫర్వాలేదు, 'రా' అని మాత్రం అనకూడదని వాళ్ళమ్మ చెప్పేది. "ఆ దినం వాళ్ళు మేలుకునే ఉంటారప్పా. పిలిస్తే వస్తారు. ఏడవాలంటే ఏడువు. పడుకో నాయనా అని చెప్పి రా." సెబాస్టియన్ ఏటా అట్లాగే చెప్పి వచ్చేవాడు. ఈ ఏడాదీ చెప్పాడు.

వాళ్ళది గని కంపెనీ కాలం నాటి లైను ఇల్లు. రెండు గదులు, ముందు రేకు తలుపు. ఆ తలుపుకు బయటివైపు, మట్టల ఆదివారం నాడు గుళ్ళో ఇచ్చిన తాటాకు సిలువ మేకుతో కొట్టి ఉంది. రాయప్ప బతికున్నప్పుడు షిఫ్టు దిగి వస్తే ఆ రేకును తట్టి పిలిచేవాడు. గనిలోకి దిగే ఇనుప బోనులో మనుషులు ఎక్కారని గంట కొట్టి చెప్పడం ఆయనకు అలవాటు. ఆ అలవాటే ఇంటికీ తెచ్చుకున్నాడు. ఒక తట్టు తడితే ఆయన ఒక్కడే. రెండు తడితే తోడు ఇంకొకరున్నారని అర్థం. మూడు తడితే ముగ్గురు. తట్టు విని, అమ్మ అన్ని గ్లాసుల టీ పెట్టేది. పిల్లలిద్దరూ చెవులు రిక్కించి లెక్కపెట్టేవాళ్ళు.

ఆ సాయంత్రం భార్య నాన్సీ గుళ్ళో పూజకు పోవడానికి చీర కట్టుకుంటోంది. సెబాస్టియన్ తండ్రి ఫోటో ముందు మిగిలిన కొవ్వొత్తి వెలిగించి బెంచీ మీద కూర్చున్నాడు. ఫోను మోగింది. డెన్నిస్ వీడియో కాల్.

"అన్నా! కనిపిస్తాండాదా? అట్లాంటిక్ సముద్రం! ఈ పొద్దు నాకు లీవు. గైడును పెట్టి బస్సులో పిల్చుకొచ్చినారు, ఒక్క దినం టూరు. యాడ చూసినా నీళ్ళే అన్నా!"

అక్కడ ఇంకా మధ్యాహ్నం. నల్లటి రాతిగోడలు నిట్టనిలువుగా సముద్రంలోకి దిగి ఉన్నాయి. వాటి అంచున పచ్చిగడ్డి, గడ్డి మధ్యలో సన్నటి కాలిబాట. పసుపు కోటు వేసుకున్న గైడమ్మ ముందు నడుస్తుంటే, ఆమె వెనక కొంతమంది తెల్లవాళ్ళు గాలికి టోపీలు పట్టుకుని పోతున్నారు. కింద నీళ్ళు రాతికి మోదుకుని నురగ పైదాకా లేస్తోంది.

దూరపు కొండలు నునుపంటారు. అంత కరుకు రాళ్ళు కూడా సెబాస్టియన్ కళ్ళకు నున్నగానే కనిపించాయి. కడుపులో మంట మొదలైంది.

సముద్రం... నాయన జీవితాంతం చూడాలనుకున్నది అదొక్కటే. భూమి కింద అంత లోతుకు దిగినవాడు సముద్రం ఒడ్డు మాత్రం ఎరగడు. "వేలాంగణ్ణికి పిల్చుకుపోతాను నాయనా, మాత గుడీ చూడొచ్చు, సముద్రంలో కాళ్ళూ తడుపుకోవచ్చు" అని మాటిచ్చింది సెబాస్టియన్. వచ్చే నెల, వచ్చే నెల అనుకుంటుండగానే గని దుమ్ము ఆయన ఊపిరితిత్తులను తినేసింది. కఫం గిన్నె పట్టింది సెబాస్టియన్. రాత్రంతా వీపు నిమిరింది సెబాస్టియన్. చివరి ఘడియలో రాయప్ప కళ్ళు తెరిచి, ఎదురుగా ఉన్న పెద్దకొడుకును దాటి తలుపువైపు చూశాడు.

"డెన్నిస్ వచ్చినాడా?" అన్నాడు. అంతే, ఇంకో మాట లేదు.

అప్పుడు డెన్నిస్ బెంగళూరు హాస్టల్లో చదువుకుంటున్నాడు.

"చూస్తాండావా అన్నా?" ఫోనులో డెన్నిస్ అరుస్తున్నాడు, గాలి హోరు మీదుగా. "అంచుకు పోవద్దంటాండాది గైడమ్మ. రాత్రి వాన పడిందంట, గడ్డి జారుతాదంట."

"చూస్తాండానులే. నీకేమప్పా, దొరబాబువి" అన్నాడు సెబాస్టియన్. తమాషాకన్నట్టు నవ్వాడు కూడా.

డెన్నిస్ ఫోనును తనవైపు తిప్పుకున్నాడు. ఎర్రటి మొహం, చలికి కారుతున్న ముక్కు. అతని భుజం వెనకాల, సముద్రం వైపు, ఎవరో నడుస్తున్నారు.

సెబాస్టియన్ ముందు పట్టించుకోలేదు. టూరువాళ్ళలో ఒకడనుకున్నాడు. తర్వాత ఆ మనిషి తలమీది టోపీ చూశాడు. అది టోపీ కాదు. గనిలో పెట్టుకునే హెల్మెట్టు. దాని ముందు దీపం. పట్టపగలు వెలుగుతోంది.

మెడకు చుట్టుకున్న తువ్వాలు. కొంచెం కుడికి ఒరిగిన నడక. డెన్నిస్ భుజం మీద వేసిన ఎడమచెయ్యి. ఆ చేతికి చిటికెనవేలు సగమే ఉంది.

"నాన్సీ..." సెబాస్టియన్ పిలిచాడు. "ఇట్లా రావే. డెన్నిస్ పక్కన ఎవరుండారో చూడు."

నాన్సీ కొంగు సర్దుకుంటూ వచ్చి తొంగి చూసింది. "యాడ? నీ తమ్ముడు తప్ప ఎవరూ లేరే. పలకరించేందుకు కూడా టైము లేదయ్యా, పూజ మొదలవుతాది. కొవ్వొత్తి ఆర్పేది మరిచిపోవద్దు" అని తలుపు దగ్గరికి లాగి వెళ్ళిపోయింది.

సెబాస్టియన్ తలుపుకు గడియ వేసి వచ్చి మళ్ళీ చూశాడు. ఉన్నాడు. నాయన ఉన్నాడు.

భయం వేయాలి. నిజానికి వేసింది కూడా, వెన్నులో ఒక్క క్షణం. కాని దాన్ని తోసుకుంటూ ఇంకోటి వచ్చి గుండెల నిండా కూర్చుంది. సున్నం కొట్టింది నేను. పూలు పరిచింది నేను. ఏటేటా మోకాళ్ళ మీద కూర్చున్నది నేను. ఒక్కనాడు కలలోకైనా రాలేదే! పూవు కూడా పెట్టని వాడికోసం అన్ని దేశాలు దాటి పోయినావా నాయనా? నేను చూపిస్తానన్న సముద్రం వాడితో చూస్తాండావా?

చిన్నప్పుడూ ఇంతే. ఆదివారాలు గని మట్టి పోసిన మిల్లు దిబ్బ ఎక్కడానికి పోయేవాళ్ళు ముగ్గురూ. దారి పక్కన కంచె లేని పాత గుంత ఉండేది, రాయి వేస్తే చప్పుడు వినబడనంత లోతు. రాయప్ప గుంత వైపు తాను నడుస్తూ, ఇటువైపు డెన్నిస్ భుజం పట్టుకునేవాడు. "నువ్వు పెద్దోడివి, ముందు నడువు" అనేవాడు సెబాస్టియన్‌తో. ముందు నడిచేవాడి భుజం మీద ఎవరి చెయ్యీ ఉండదు. ఆ వెలితి ఇప్పటికీ సెబాస్టియన్ భుజానికి తెలుసు.

అతను ఫోనును మొహానికి దగ్గరగా తెచ్చుకున్నాడు.

"నాయనా" అన్నాడు గుసగుసగా.

"ఏమన్నావన్నా? వినబడలా, గాలి..." అన్నాడు డెన్నిస్.

"నాయనా... వాడిని విడువు. నా దగ్గరికి రా. ఒక్కసారి నా దగ్గరికి రా."

అనకూడని మాట అననే అన్నాడు. అన్నాక గాని అమ్మ చెప్పింది గుర్తు రాలేదు.

హెల్మెట్టు దీపం మెల్లగా తిరిగింది. నేరుగా ఫోనులోకి. వెలుగు కళ్ళల్లో పడి సెబాస్టియన్ తల పక్కకు తిప్పుకున్నాడు. మళ్ళీ చూసేసరికి డెన్నిస్ భుజం మీద చెయ్యి లేదు. పక్కన ఎవరూ లేరు. గడ్డి, గడ్డి తర్వాత ఆకాశం... అంతే.

"ఉండన్నా, కింద అలలు చూపిస్తా. ఇట్లాంటిది నువ్వు జన్మలో చూసుండవు" అంటూ డెన్నిస్ కాలిబాట దిగి రెండడుగులు పక్కకు వేశాడు. సముద్రం వైపు.

అప్పుడు అర్థమైంది సెబాస్టియన్‌కు. గుంత వైపు నాయన ఎందుకు నడిచేవాడో. ఇప్పుడు ఆ వైపు ఎవరూ లేరన్న సంగతి కూడా.

"డెన్నిస్! వెనక్కి రా! ఒరేయ్, వెనక్కి రా..."

బొమ్మ ఆగిపోయింది. తెల్లటి ఆకాశం. దానికి అడ్డంగా ఒక బూటు అడుగుభాగం, తడిమట్టి అంటుకుని.

కాల్ కట్ అయింది.

సెబాస్టియన్ మళ్ళీ చేశాడు. మళ్ళీ. మళ్ళీ. మోగుతోంది... ఎత్తడం లేదు. సిగ్నల్ పోయుంటుంది, జేబులో పెట్టుకుని ఉంటాడు, నవ్వుతూ ఉంటాడు అని తనకు తానే చెప్పుకున్నాడు. ఫోను బెంచీ మీద పెట్టాడు. బయట పూర్తిగా చీకటి పడింది. లైను మొత్తం గుడికి పోయినట్టుంది, ఎక్కడా పిల్లల అలికిడి కూడా లేదు.

ముందు వాసన వచ్చింది. తడిసిన రాయి, మందుగుండు పొగ, చెమట. షిఫ్టు దిగిన నాయన చొక్కా వాసన. దాన్ని పీల్చుకుని సెబాస్టియన్ కళ్ళు మూసుకున్నాడు. తర్వాత దాని వెనకే ఇంకో వాసన... రాబర్ట్‌సన్‌పేట చేపల అంగళ్ళ దగ్గర వచ్చే ఉప్పు నీచు. అక్కడ వచ్చేదానికంటే చాలా తాజాగా ఉంది.

తలుపు కిందనుంచి నీళ్ళు లోపలికి వస్తున్నాయి. అంచున సన్నటి నురగ.

టక్.

రేకు తలుపు మీద ఒక తట్టు.

సెబాస్టియన్ లేచి నిలబడ్డాడు. ఒక్కడే. నాయన ఒక్కడే వచ్చాడు. దేవుడా, ఒక్కడే అయ్యుండాలి. ఇంకోటి వద్దు. ఇంకోటి వద్దు...

టక్.

అదే క్షణంలో బెంచీ మీద ఫోను మోగింది. డెన్నిస్ పేరు. వీడియో కాల్.

బతికే ఉన్నాడు! సెబాస్టియన్ దాన్ని రెండు చేతులతో లాక్కుని పచ్చ గుర్తు నొక్కాడు. "డెన్నిస్! అప్పా, ఏమీ కాలేదు కదా?"

తెరమీద సముద్రం లేదు. పసుపు వెలుగులో ఒక రేకు తలుపు ఉంది. తలుపు మీద మేకుతో కొట్టిన తాటాకు సిలువ ఉంది.

అది తన ఇంటి తలుపే. బయటినుంచి.

తలుపు మీద రెండు నీడలు పడుతున్నాయి. ఒక నీడకు హెల్మెట్టు ఉంది. దాని చెయ్యి రెండో నీడ భుజం మీద ఉంది.

ఇప్పుడు కూడా వాడి భుజం మీదే. అంత భయంలోనూ సెబాస్టియన్‌కు ముందు కనిపించింది అదే. నా ఇంటికి వచ్చి కూడా, నేను పిలిస్తే వచ్చి కూడా, వాడినే పట్టుకుని నిలబడినావా? ఒక్కసారి... ఒక్కసారి ఒంటరిగా నా కోసం రాలేవా నాయనా?

"అన్నా..." డెన్నిస్ గొంతు. ఫోనులోంచి ఒకసారి, తలుపు అవతలనుంచి ఒకసారి. నోటినిండా నీళ్ళు ఉన్నట్టు. "అన్నా... నాయన నీ కోసమే వచ్చినాడు. సముద్రం చూసేందుకు నిన్ను కూడా పిల్చుకుపోతాడంట..."

తెరమీద హెల్మెట్టు నీడ రెండో చెయ్యి చాపింది. ఆ చెయ్యి ఒక మనిషి భుజమంత ఎత్తులో, ఎవరి మీదా ఆనకుండా, గాలిలో ఆగింది. దాని కింద చోటు ఖాళీగా ఉంది.

సెబాస్టియన్‌కు ఏడుపొచ్చింది. సంతోషంతో. ఇన్నేళ్ళకు. వద్దు, వద్దు అని లోపల ఏదో అరుస్తూనే ఉంది. కొవ్వొత్తి ఆరిపోయింది. నీళ్ళు చీలమండల దాకా వచ్చాయి, మంచులా ఉన్నాయి. దూరంగా గుళ్ళో పాట అందుకున్నారు, అందులో నాన్సీ గొంతు కూడా ఉండి ఉంటుంది. గడియ తియ్యకూడదు. తియ్యను. తియ్యనంటే తియ్యను...

తలుపు దాకా పోయాడు గాని గడియ తియ్యలేదు అతను.

కాని తెరమీద, ఆ చాచిన చేతికింద, ఇప్పుడు మూడో నీడ ఉంది.

టక్.

మూడో తట్టు పడింది. అది బయటినుంచి రాలేదు. సెబాస్టియన్ కిందికి చూసుకున్నాడు... అతని పిడికిలి రేకు మీద ఉంది.