లెన్సు వైపు చూడని ముసలావిడ

గుర్రబ్బండి పేలిపోయింది. శబ్దం లేదు. తెల్లటి గుడ్డ మీద పొగ మాత్రం కమ్ముకుంది.

"నిరుడు పరేడ్‌లో మంత్రిగారూ, బండి తోలేవాడూ ఇలాగే పోయారు," అంటూ గూఢచారి శాఖ చీఫ్ ప్రొజెక్టర్ ఆపాడు.

ఆఫీసంతా కొంగ అని పిలిచే ఏజెంట్ కుర్చీలోంచి లేచాడు. "ఇవాళ కొత్త మంత్రిగారి బండి తోలేది మా అన్న, సార్."

"తెలుసు. అందుకే ఈ పని నీకిచ్చాను. శత్రుముఠాలో ఉన్న మన లేడీ ఏజెంట్ కబురు పంపింది. హంతకుడు గడియార స్తంభం మీద ఉంటాడట."

ఆ లేడీ ఏజెంట్ పేరుమోసిన సినిమా తార. తెర మీద ఆమె ఏడిస్తే ఊరంతా ముక్కు చీదేది.

"రీల్లో ఒకటి గమనించారా, సార్? జనం పరేడ్ మానేసి కెమెరాకేసి నోరెళ్ళబెట్టి చూస్తున్నారు. ఆ పూలమ్మే ముసలావిడ తప్ప."

"ముసలావిడకి కెమెరా సంగతేం తెలుస్తుందయ్యా! స్తంభం మీద కన్నేసి ఉంచు. ప్రమాదమైతే మఫ్టీలో ఉన్న పోలీసులకి కోడ్ వర్డ్, 'వెలుతురు చాలదు'."

మిట్టమధ్యాహ్నం. పెట్టుడు మీసంతో, కెమెరామన్ వేషంలో కొంగ వీధి మలుపులో కెమెరా హ్యాండిల్ తిప్పుతున్నాడు. స్తంభం మీద పిట్ట కూడా లేదు. అది మరీ భయంగా ఉంది. బ్యాండు వెళ్ళింది, జెండాలు వెళ్ళాయి. అన్న బండి మలుపు తిరిగింది. మామూలుగానే జనమంతా లెన్సుకేసి తిరిగారు.

ఒక్క ముఖం తిరగలేదు. అదే ముసలావిడ! చేతిలో పెద్ద పూలగుత్తి.

కొంగ హ్యాండిల్ తిప్పడం ఆపేశాడు. తెలియనివాళ్ళయితే గుడ్లప్పగించి చూస్తారు. లెన్సుకేసి చూడొద్దని రోజూ డైరెక్టర్ చేత తిట్లు తినేవాళ్ళే ఇలా చూడకుండా ఉండగలరు.

"వెలుతురు చాలదు!" మండుటెండలో గొంతు చించుకుని అరిచాడు.

మఫ్టీ పోలీసులు కదిలేలోపే పూలగుత్తి బండిలోకి ఎగిరింది. కొంగ ఒక్క గంతులో మెట్టెక్కి, దాన్ని లాగి గుర్రాల నీళ్ళతొట్టిలోకి విసిరాడు. పూలలో దాచిన బాంబు వత్తి చుయ్యిమని ఆరిపోయింది.

"ఒరేయ్ తమ్ముడూ! నువ్వట్రా?" అన్న కళ్ళేలు లాగి గుర్రాల్ని ఆపాడు.

"నేనే అన్నయ్యా. దిగు, ముందు దిగు!" కొంగ అన్నని వాటేసుకుని ఏడ్చేశాడు. మీసం సగం ఊడి వేలాడింది.

పోలీసులు ముసలావిడ తెల్లజుట్టు విగ్గు లాగేశారు. సంకెళ్ళు పడ్డాక, స్తంభమని దొంగ కబురు పంపిన తార తలెత్తి, మొదటిసారి సూటిగా లెన్సుకేసి చూసింది.

కొంగ ముక్కు తుడుచుకుని హ్యాండిల్ అందుకున్నాడు. "అలా చూడకూడదమ్మా. షాట్ పాడైపోతుంది."