పుస్తకం తెరుచుకునే చోటు

“మిషను అమ్మేస్తున్నాను!” అన్నాడు దర్జీ, కంచం ముందు కూర్చుంటూనే. “దేవుడు నాతో మాట్లాడాడు. ఊరూరా తిరిగి వాక్యం చెప్పమన్నాడు. ఎల్లుండి పొద్దున పక్కవీధి దర్జీ వచ్చి మిషను పట్టుకుపోతాడు.”

వడ్డిస్తున్న భార్య చేతిలోని గరిటె జారి గిన్నెలో పడిపోయింది! అయ్యో... ఇల్లు గడిచేదే ఆ కుట్టుమిషను మీద! మంచం మీదున్న అత్తగారి మందులు, నలుగురూ నమ్మి గుడ్డలిచ్చే ఆ చిన్న షాపు... అన్నీ ఏమైపోవాలి? అంతకన్నా ఘోరం ఏమిటంటే, ఈ కొంప ముంచింది దేవుడు కాదు, తనే! ఆ సంగతి ఆమె ఒక్కతెకే తెలుసు. చెబుదామని నోరు తెరిచి, “కూర వెయ్యనాండీ?” అని మాత్రం అనగలిగింది.

ఆ ఇంట్లో ఏ నిర్ణయమైనా ఒకటే పద్ధతి. దర్జీ చేతులు కడుక్కుని, తండ్రి నాటి పెద్ద బైబిలుని బల్ల మీద వీపు ఆన్చి నిలబెట్టి, కళ్ళు మూసుకుని వదిలేసేవాడు. అది ఎక్కడ తెరుచుకుంటే అక్కడ వేలు పెట్టేవాడు. వేలి కింద ఏముంటే అదే దేవుడి మాట! చుట్టుపక్కల అందరి కొలతలూ అంగుళం తేడా లేకుండా తీసే ఆ మనిషి, కట్టుకున్న దానికి ఏం కావాలో మాత్రం ఏనాడూ అడిగి ఎరగడు. ఆమె ఏదైనా అడిగితే, “ప్రార్థించి చూద్దాం” అనేవాడు. అంతటితో ఆ మాట గాలికి పోయినట్టే.

పెళ్ళైన కొత్తలో ఒకరోజు ఆమె చదువుకుంటూ చదువుకుంటూ, పేజీ ఎగరకుండా చల్లారిన ఇస్త్రీపెట్టెను పుస్తకం మీద పెట్టి మరిచిపోయింది. మర్నాడు పుస్తకం సరిగ్గా అక్కడే తెరుచుకుంది! అక్కాచెల్లెళ్ళలో ఒకతి ఒంటరిగా చాకిరీ చేసి వేసారిపోయిన కథ అది. అసలు ఆ కథలో ప్రభువు మందలించింది ఆ చాకిరీ చేసే ఆవిడనే. దర్జీ అంతదాకా చదివితేగా! వేలు పడినచోటే ఆగిపోయి, “ఇవాళ్టినుంచి నీళ్ళు నేనే మోస్తాను” అన్నాడు.

ఇక అప్పటినుంచీ ఇస్త్రీపెట్టె ఆమెకు నోరైంది. ఇసుక మీద కట్టిన ఇల్లు కూలిపోయిన పేజీ తెరుచుకున్నాక ఇంటికప్పు బాగుపడింది. రోగిష్ఠి సేనాధిపతి నదిలో మునిగి బాగుపడిన పేజీ వచ్చాక చలికాలంలో కూడా ఆయన రోజూ స్నానం చేయడం మొదలుపెట్టాడు. ఇది మోసమా అని మనసు పీకినప్పుడల్లా, ‘ఉన్న మాటలేగా, నేనేమన్నా రాశానా?’ అని సర్దిచెప్పుకునేది పాపం!

ఇప్పుడేమో తన అక్కయ్యకి కంటి ఆపరేషను. మొగుడు పోయిన మనిషి, పిల్లలు లేరు, కళ్ళకు కట్టుతో పడుకుంటే గ్లాసుడు మంచినీళ్ళిచ్చే దిక్కు లేదు! వెళ్ళొస్తానని మూడుసార్లు అడిగితే మూడుసార్లూ “ప్రార్థించి చూద్దాం” అన్నాడు. ఆఖరికి, దేశాన్నీ బంధువులనూ విడిచి వెళ్ళమని దేవుడు అబ్రాహాముకి చెప్పిన పేజీ వెతికి, రాత్రంతా ఇస్త్రీపెట్టె కింద ఉంచింది. ‘వెళ్ళు’ అని అంత స్పష్టంగా ఉంటే ఇంకేం కావాలి అనుకుంది పిచ్చితల్లి. ఎవరు వెళ్ళాలో కూడా రాసి ఉండాలని తట్టలేదు! ఆ పిలుపు తనకేననుకున్నాడు దర్జీ.

మిషను అమ్మేస్తానన్న మర్నాడు ఆయన్ని ఆపడానికి ఇంకో ఉపాయం పన్నింది. తుఫానులో చిక్కుకుని, చేప కడుపులో పడ్డ యోనా కథ మీద పెట్టింది బరువు. ప్రయాణమంటేనే హడలిపోతాడనుకుంది. దర్జీ చదివి వణికిపోయిన మాట నిజమే. “చూశావా! వెళ్ళమంటే వెళ్ళనివాడి గతి ఏమైందో! ఆలస్యం చేయకూడదు!” అంటూ సంచీ సర్దడం మొదలుపెట్టాడు. అడుసు తొక్కనేల, కాలు కడగనేల అని ఊరికే అన్నారా!

అన్నంత పనీ అయింది. పొద్దున్నే పక్కవీధి దర్జీ వచ్చాడు. మిషను చక్రం తిప్పి చూశాడు, సూది కింద గుడ్డముక్క పెట్టి కుట్టి చూశాడు. “బంగారం లాంటి మిషనన్నా! ఎందుకిచ్చేస్తున్నావ్?” అన్నాడు.

“పిలుపొచ్చింది తమ్ముడూ” అన్నాడు దర్జీ. ఆ మాటంటూ మిషను మీది దుమ్ము పైపంచెతో తుడిచాడు. తుడిచిన చెయ్యి అక్కడే ఉండిపోయింది. అది చూసేసరికి ఆమె గుండె చెరువైపోయింది! పరుగున వచ్చి మిషనుని రెండు చేతులా వాటేసుకుంది.

“ఆ పిలుపు నాదండీ! నన్ను చంపినా సరే... ఆ పేజీ తెరుచుకునేలా చేసింది నేను! ముందురోజు రాత్రి దానిమీద ఇస్త్రీపెట్టె పెట్టాను! మీరు వెళ్ళాలని కాదు, నన్ను అక్క దగ్గరికి పంపిస్తారని!”

పక్కవీధి దర్జీ ఆమెనూ ఆయననూ మార్చి మార్చి చూసి, చెప్పులు వెతుక్కుని మెల్లగా జారుకున్నాడు.

దర్జీ స్టూలు మీద కూలబడ్డాడు. “అయితే... నీళ్ళు మొయ్యడం?”

“నేనేనండీ...”

“ఇంటికప్పు?”

“నేనే...”

“స్నానం?”

“అది మాత్రం ఇంట్లో అందరి క్షేమం కోసమండీ!” అని భోరుమంది.

మంచం మీంచి అత్తగారి నవ్వు వినిపించింది. నవ్వీ నవ్వీ దగ్గొచ్చి, నీళ్ళు తాగి, కొడుకు వైపు తిరిగింది. “ఏడవకే అమ్మాయ్! ఒరేయ్, నీకు పెళ్ళికని ముగ్గురు పిల్లల్ని చూశాం గుర్తుందా? ఎవర్ని చేసుకోవాలని నువ్వు పుస్తకం నిలబెడితే, అత్తను వదలని కోడలు రూతు కథ వచ్చింది. ముగ్గురిలో పెళ్ళిచూపులనాడు నా చెయ్యి పట్టుకుని గడప దాటించింది ఈ పిల్లొక్కతే. అందుకని ముందురోజు రాత్రే ఆ పేజీ తెరిచి, పుస్తకాన్ని నా దిండు కింద పెట్టుకుని పడుకున్నాను. మీ నాన్న దగ్గర్నుంచీ నాకు అలవాటేరా!”

దర్జీ ముఖం చిన్నబోయింది. ఆయన కోపగించుకుంటాడని ఆమె భయపడింది. కానీ ఆయన పసివాడిలా తల్లి వైపు తిరిగాడు. “అయితే అమ్మా... దేవుడు నాతో ఒక్కసారి కూడా మాట్లాడలేదా?”

ఆ ప్రశ్న భార్యకి సూదిలా గుచ్చుకుంది! ఇన్నేళ్ళ తన తెలివితేటలు ఒక మనిషి నమ్మకాన్ని ఇలా నిలువునా కోసేశాయా? వెళ్ళి ఆయన కాళ్ళ దగ్గర కూర్చుంది.

“మాట్లాడకేంరా?” అంది ముసలావిడ, ఈసారి నవ్వకుండా. “నోరున్నవాళ్ళని ఇద్దర్ని తెచ్చి నీ ఇంట్లో పెట్టాడు. నువ్వు మా వైపు చూడకుండా పుస్తకం వైపు చూస్తే మేం మాత్రం ఏం చేస్తాం? అందులోంచే మాట్లాడాం.”

దర్జీ లేచాడు. మిషను మీద గుడ్డ కప్పాడు. సర్దిన సంచీలోంచి తన చొక్కాలు తీసేసి, ఖాళీ సంచీ ఆమె చేతికిచ్చాడు. “నీ చీరలు సర్దుకో” అన్నాడు.

బస్సు దగ్గర దాకా సంచీ ఆయనే మోశాడు. ఆమె కిటికీ పక్కన కూర్చుంది. ఆయన కింద నిలబడి, ఎన్నడూ చెయ్యని పని చేస్తున్నవాడిలా గొంతు సవరించుకున్నాడు.

“ఏమోయ్... ఉప్పు డబ్బా ఎక్కడుంటుంది?”

ఆమెకు కళ్ళనిండా నీళ్ళు తిరిగాయి! ఇన్నేళ్ళ కాపురంలో ఆయన పుస్తకాన్ని కాకుండా తనని అడిగి తెలుసుకోబోయిన మొదటి సంగతి! “పొయ్యి పక్క అరలో, ఎడమవైపండీ. అత్తయ్య మందులు కిటికీ మీద, తెల్లవి తిన్నాక, ఎర్రవి తినకముందు. బియ్యం కడిగి కాసేపు నాననివ్వండి. పాలు పొయ్యి మీద పెట్టి మిషను దగ్గరికి పోకండి. ఇంకా...” బస్సు కదిలింది. ఆమె ఏడుస్తూనే, నవ్వుతూనే, తల బయటికి పెట్టి చెబుతూనే ఉంది. దర్జీ బస్సు పక్కనే పెద్ద పెద్ద అంగలేస్తూ వస్తున్నాడు.

“ఆఁ... తర్వాత?” అంటున్నాడు.